నాథన్ లయన్ బౌలింగ్ జీవితం: తరచుగా అడిగే ప్రశ్నలు

భారత్, ఆస్ట్రేలియా టెస్టు సిరీస్ మొదలైతే చాలు, ఆస్ట్రేలియా ఆఫ్ స్పిన్నర్ నాథన్ లయన్ గురించి ఈ ప్రశ్నలు మళ్లీ తలెత్తుతాయి. "ఇతను పిచ్‌లు తయారుచేసేవాడట కదా" అని ఒకరు, "మన అశ్విన్ ముందు ఇతనెంత" అని ఇంకొకరు. చెప్పిందే చెప్పడం కన్నా ఒకచోట రాసిపెడితే మేలనిపించింది. వివరాలు 2025 డిసెంబరు వరకు జరిగిన ఆటను బట్టి ఇచ్చినవి. ఏ ప్రశ్న దగ్గర మొదలుపెట్టి చదివినా ఇబ్బంది ఉండదు.

## మైదానంలో కూలి, మైదానంలో కొలువు

లయన్ నిజంగానే గ్రౌండ్స్‌మన్‌గా పనిచేశాడా, లేక కట్టుకథా?

నిజమే. 1987 నవంబరు 20న న్యూసౌత్‌వేల్స్ రాష్ట్రంలోని యంగ్ అనే చిన్న ఊళ్లో పుట్టాడు. కుర్రతనంలో కాన్‌బెర్రాకు వెళ్లి, అక్కడి మనూకా ఓవల్‌లో మైదానం పని నేర్చుకునే అప్రెంటిస్‌గా చేరాడు. 2010లో అడిలైడ్ ఓవల్ సిబ్బందిలోకి వచ్చాడు. రోలర్ నడపడం, గడ్డి కోయడం, పిచ్ తడపడం, వాన పడితే కవర్లు లాగడం, ఇదీ దినచర్య.

ఈ కథను మన పత్రికలు "కూలీ నుంచి కోటీశ్వరుడు" పద్ధతిలో రాస్తుంటాయి. నాకు మాత్రం అందులో వేరే విషయం ముఖ్యమనిపిస్తుంది. రోజూ పిచ్ మీద మోకాళ్ల మీద కూర్చునే మనిషికి అది ఎప్పుడు ఆరుతుందో, ఏ మూల పొడిబారుతుందో, మూడో రోజుకి ఎక్కడ పగులుతుందో అరచేతికే తెలుస్తుంది. ఆఫ్ స్పిన్నర్‌కు అంతకు మించిన చదువు ఏముంటుంది?

అతన్ని కనిపెట్టింది ఎవరు?

డారెన్ బెర్రీ. అప్పట్లో దక్షిణ ఆస్ట్రేలియా టీ20 జట్టు కోచ్. నెట్స్‌లో బౌలింగ్ చేస్తున్న ఈ మైదానపు కుర్రాణ్ణి చూసి 2010-11 బిగ్ బాష్ జట్టులోకి తీసుకున్నాడు. ఆ టోర్నీ దక్షిణ ఆస్ట్రేలియా గెలిచింది. అత్యధిక వికెట్లు లయన్‌వే. 2011 ఫిబ్రవరిలో ఫస్ట్‌క్లాస్ ఆటలో అడుగుపెట్టాడు, ఆగస్టు నెలాఖరుకల్లా టెస్టు ఆడాడు. మధ్యలో ఉన్నది ఏడు నెలలు కూడా కాదు.

అంత తక్కువ అనుభవం ఉన్నవాడికి టెస్టు టోపీ ఎలా ఇచ్చారు?

అనుభవం ఉన్నవాళ్లందరినీ అప్పటికే ప్రయత్నించేశారు కాబట్టి. 2007 జనవరిలో స్పిన్ దిగ్గజం షేన్ వార్న్ తప్పుకున్నాక ఆస్ట్రేలియా స్పిన్నర్ల కోసం ఊరూరా గాలించింది. మెక్‌గిల్ మోకాలు, చేయి సహకరించక వెళ్లిపోయాడు. బ్రాడ్ హాగ్, బ్యూ క్యాసన్, కామెరాన్ వైట్ వచ్చారు, వెళ్లారు. జేసన్ క్రేజా 2008లో నాగ్‌పూర్‌లో తొలి టెస్టులోనే 12 వికెట్లు తీశాడు, కానీ వాటికి 358 పరుగులిచ్చాడు. ఆ తర్వాత ఇంకొక్క టెస్టుతో సరి. బ్రైస్ మెక్‌గెయిన్ 36 ఏళ్ల వయసులో కేప్‌టౌన్‌లో ఆడిన ఏకైక టెస్టులో 18 ఓవర్లకు 149 పరుగులిచ్చి ఒక్క వికెట్టూ లేకుండా ఇంటికి వెళ్లాడు. హారిట్జ్‌ను వాడుకుని వదిలేశారు. ఆ వరసలోనే 2010లో లార్డ్స్‌లో ఒక లెగ్ స్పిన్నర్‌ను ఎనిమిదో స్థానంలో దింపారు. అతని పేరు స్టీవ్ స్మిత్. తర్వాత అతను ప్రపంచ స్థాయి బ్యాటర్ అయ్యాడని చెప్పనక్కర్లేదు. డోహర్టీ, బీర్ కూడా అయ్యాక లయన్ వంతు వచ్చింది. అంటే అతను కూర్చున్నది వార్న్ కుర్చీలో కాదు, పది మందిని కింద పడేసిన కుర్చీలో.

మొదటి బంతికే సంగక్కర వికెట్ తీశాడంటారు, ఎలా?

2011 సెప్టెంబరు 1, గాలే. టెస్టుల్లో లయన్ వేసిన తొలి బంతి. ఎదురుగా ఎడమచేతి వాటం సంగక్కర. రౌండ్ ద వికెట్, అంటే చేయి వికెట్లకు దూరంగా ఉండే వైపు నుంచి వేసిన బంతి లోపలికి వస్తున్నట్టే వచ్చి, పడ్డాక బయటికి తిరిగింది. అంచు తాకింది. స్లిప్‌లో కెప్టెన్ క్లార్క్ కిందికి వంగి అందుకున్నాడు. ఆ ఇన్నింగ్స్‌లో లయన్ 34 పరుగులకు 5 వికెట్లు తీశాడు, శ్రీలంక 105కే ముగిసింది. ఆ తర్వాత పద్నాలుగేళ్లకు పైగా ఎడమచేతి బ్యాటర్లకు అతను వేస్తూ వచ్చింది ప్రధానంగా ఈ బంతినే.

## నిలదొక్కుకునే వరకు

హైదరాబాద్ టెస్టులో అతన్ని ఎందుకు ఆడించలేదు?

2013 మార్చిలో ఉప్పల్‌లో జరిగిన టెస్టు సంగతి. దానికి ముందు చెన్నైలో ధోనీ డబుల్ సెంచరీ చేసిన ఇన్నింగ్స్‌లో లయన్ 3 వికెట్లకు 215 పరుగులిచ్చాడు. సచిన్‌ను బౌల్డ్ చేసినా ఎవరికీ అది గుర్తు లేదు. హైదరాబాద్‌లో అతన్ని పక్కనపెట్టి డోహర్టీ, మాక్స్‌వెల్‌లను దింపారు. పుజారా 204, విజయ్ 167 బాదారు, ఆస్ట్రేలియా ఇన్నింగ్స్ 135 పరుగుల తేడాతో ఓడింది. వెంటనే మొహాలీలో లయన్‌ను వెనక్కి పిలిచారు. ఢిల్లీలో 94 పరుగులకు 7 వికెట్లు తీశాడు. ఉప్పల్‌లో ఆడి ఉంటే ఫలితం మారేదని నేను అనను. పుజారా, విజయ్ ఆ రోజు ఎవరికీ లొంగే ఊపులో లేరు.

2013 యాషెస్‌లో కూడా తీసేశారు కదా?

అవును, ఇంగ్లండ్‌తో ఆడే ఆ టెస్టు సిరీస్‌లో, ట్రెంట్‌బ్రిడ్జ్‌లో. అతని బదులు 19 ఏళ్ల ఆష్టన్ ఏగర్‌ను దింపారు. ఏగర్ పదకొండో స్థానంలో వచ్చి 98 పరుగులు చేసి ప్రపంచాన్ని అబ్బురపరిచాడు, కానీ వికెట్లు పెద్దగా రాలేదు. రెండు టెస్టుల తర్వాత ఓల్డ్ ట్రాఫర్డ్‌లో లయన్ తిరిగి వచ్చాడు. అక్కడ మొదలైన వరస పదేళ్ల పాటు ఒక్క టెస్టు కూడా తప్పకుండా సాగింది.

'గోట్' అంటారు, 'గ్యారీ' అంటారు. ఈ పేర్లు ఎక్కడివి?

సార్వకాలిక అత్యుత్తముడు అనే అర్థమిచ్చే ఇంగ్లిష్ మాటల తొలి అక్షరాలు కలిపితే 'గోట్', అంటే మేక. 2015లో హ్యూ ట్రంబుల్ పేరిట వందేళ్లకు పైగా ఉన్న 141 వికెట్ల రికార్డును దాటి లయన్ ఆస్ట్రేలియా ఆఫ్ స్పిన్నర్లలో మొదటివాడయ్యాడు. జట్టులోని వాళ్లు ఆట పట్టించడానికి పెట్టిన పేరు అది, తర్వాత నిజమై కూర్చుంది. ఆస్ట్రేలియా ఫుట్‌బాల్‌లో గ్యారీ లయన్ అనే పేరున్న ఆటగాడు ఉండేవాడు, ఇంటిపేరు కలిసింది కాబట్టి 'గ్యారీ'. వికెట్ల వెనక నుంచి మాథ్యూ వేడ్ ప్రతి బంతికీ "నైస్, గ్యారీ" అని అరవడం స్టంప్ మైకులో వినబడి, ప్రేక్షకులు కూడా అందుకున్నారు.

గెలిచాక జట్టు పాట పాడించేది ఇతనేనా?

చాలా కాలం ఇతనే. 2013 జనవరిలో మైక్ హస్సీ రిటైరవుతూ ఆ బాధ్యత లయన్‌కు అప్పగించాడు. అప్పటికి అతను జట్టులో స్థిరపడిన మనిషి కూడా కాదు. 2025లో అలెక్స్ కేరీకి అందించాడు.

## బంతిలో ఏముంది?

దూస్రా లేదు, క్యారమ్ బాల్ లేదు, బ్యాటర్‌ను మభ్యపెట్టే అలాంటి రకాలేవీ లేవు. మరి ఇన్ని వికెట్లు ఎలా?

అందరికన్నా ఎక్కువగా వచ్చే ప్రశ్న ఇదే, కాబట్టి కొంచెం నెమ్మదిగా చెప్పుకుందాం.

లయన్ బలం ఓవర్‌స్పిన్. మామూలు ఆఫ్ స్పిన్నర్ తలుపు గుండీ తిప్పినట్టు బంతిని పక్కకు తిప్పుతాడు. లయన్ చేయి నిటారుగా లేచి, వేళ్లు బంతి మీదుగా ముందుకు దొర్లుతాయి. అలా ముందుకు గింగిరాలు తిరిగే బంతికి రెండు గుణాలుంటాయి. గాల్లో బ్యాటర్ అనుకున్న చోటికి మూరెడు ముందే వాలిపోతుంది. పడ్డాక అనుకున్నదానికన్నా ఎత్తుకు లేస్తుంది. ముందుకొచ్చి ఆడదామనుకున్నవాడికి బంతి అందదు, వెనక్కి వెళ్లి ఆపుదామనుకున్నవాడికి చేతి తొడుగు దగ్గరికి ఎగసి వస్తుంది. బ్యాటర్‌కు దగ్గరగా షార్ట్ లెగ్‌లో ఒకరు, లెగ్ స్లిప్‌లో ఒకరు క్యాచ్ కోసం కాచుకుని ఉంటారు.

ఆస్ట్రేలియా పిచ్‌లు గట్టివి, బంతి పెద్దగా తిరగదు. అక్కడ తిప్పడం మీద ఆధారపడిన పరాయి స్పిన్నర్లు అలసిపోయి వెళ్లారు. లయన్ ఎత్తు మీద ఆధారపడ్డాడు. నా మట్టుకు అతను స్పిన్నర్ వేషంలో ఉన్న ఫాస్ట్ బౌలర్. అదే చోట, అదే పొడవులో, గంటల తరబడి వేస్తాడు. తేడా వేగంలోనే.

స్టార్క్ ఉంటే లయన్‌కు లాభమంటారు. ఏమిటా లాభం?

కాలి గుర్తులు. జట్టు ఫాస్ట్ బౌలర్ మిచెల్ స్టార్క్ ఎడమచేతి వాటం. ఓవర్ ద వికెట్, అంటే చేయి వికెట్ల పక్కన ఉండేలా వేసి ముందుకు దూకినప్పుడు అతని బూట్లు పడే చోటు అవతలి కొస నుంచి వేసే బౌలర్‌కు కుడిచేతి బ్యాటర్ ఆఫ్ స్టంప్ బయట ఉంటుంది. మూడో రోజుకల్లా అక్కడ పిచ్ దున్నినట్టు తయారవుతుంది. లయన్ బంతిని అందులో వేస్తే అది లోపలికి ఎంత తిరుగుతుందో, ఎంత లేస్తుందో అతనికే తెలియదు, ఇక బ్యాటర్‌కేం తెలుస్తుంది? మిగతా ఫాస్ట్ బౌలర్లు, కుడిచేతి వాటం కమిన్స్, హేజిల్‌వుడ్‌ల కాలి గుర్తులు ఎడమచేతి బ్యాటర్ల ఆఫ్ స్టంప్ బయట పడతాయి. అంటే నలుగురిలో ముగ్గురు తమ పని తాము చేసుకుంటూనే నాలుగోవాడికి పొలం దున్నిపెడతారు.

ఆసియాలో మొదట్లో ఎందుకు తడబడ్డాడు?

స్వదేశంలో ఉపయోగపడిన గుణమే ఇక్కడ అడ్డం వచ్చింది. మన పిచ్‌ల మీద బంతి ఎగసేది తక్కువ. పైకి లేవని బంతిని బ్యాటర్ తాపీగా వెనక్కి వెళ్లి కొట్టేస్తాడు. ఇక్కడ పక్కకు తిప్పాలి, కాస్త వేగంగా, చదునుగా కూడా వేయాలి. లయన్ నిదానంగా అది నేర్చుకున్నాడు. అశ్విన్‌ను చూసి నేర్చుకున్నానని బాహాటంగానే చెప్పాడు. 2017లో బెంగళూరులో 50 పరుగులకు 8 వికెట్లు తీశాడు. అదే ఏడాది చట్టోగ్రామ్‌లో బంగ్లాదేశ్‌పై ఒకే టెస్టులో 13 వికెట్లు పడగొట్టాడు. 2022లో లాహోర్‌లో చివరి రోజు 5 వికెట్లతో సిరీస్ గెలిపించాడు. 2023లో ఇండోర్‌లో రెండో ఇన్నింగ్స్‌లో 64కు 8.

## మనవాళ్లతో

లక్ష్మణ్ చివరి టెస్టు వికెట్ లయన్‌దేనా?

అవును. 2012 జనవరి, అడిలైడ్. రెండో ఇన్నింగ్స్‌లో లక్ష్మణ్ 35 పరుగులు చేసి లయన్ బౌలింగ్‌లో షాన్ మార్ష్‌కు క్యాచ్ ఇచ్చాడు. అది చివరి ఇన్నింగ్స్ అని ఆ రోజు ఎవరికీ తెలియదు. వార్న్‌ను క్రీజు వదిలి ముందుకొచ్చి మిడ్‌వికెట్ మీదుగా ఆడిన ఆ మణికట్టు, రెండేళ్ల కిందట అదే మైదానంలో గడ్డి కోసిన కుర్రాడి చేతిలో ఆగింది. హైదరాబాద్‌వాళ్లకు ఇది కొంచెం నొప్పి కలిగించే జవాబే.

సిడ్నీలో విహారి, అశ్విన్ అతన్ని ఎలా తట్టుకున్నారు?

2021 జనవరి, చివరి రోజు. లయన్ ఒక కొస అదిమిపట్టి 46 ఓవర్లు వేశాడు. పంత్‌ను 97 దగ్గర పట్టాడు. అక్కడి నుంచి తొడ కండరం పట్టేసిన హనుమ విహారి, నడుము వంగని అశ్విన్ కలిసి 250కి పైగా బంతులు ఆడారు. విహారి చేసింది 161 బంతుల్లో 23. రహస్యం పెద్దదేమీ కాదు. లయన్ బంతి ఎగసేటప్పుడు బ్యాటును దాని వెంట పంపలేదు, చేతులు సడలించి బంతిని కాళ్ల దగ్గరే చంపేశాడు. షార్ట్ లెగ్‌లో ఉన్నవాడు సాయంత్రం దాకా వంగే ఉన్నాడు.

ఆ సిరీస్ చివర్లో రహానే అతనికి జెర్సీ ఎందుకు ఇచ్చాడు?

బ్రిస్బేన్ టెస్టు లయన్‌కు వందోది. భారత ఆటగాళ్లంతా సంతకాలు చేసిన జెర్సీని, సిరీస్ గెలిచిన కెప్టెన్ రహానే బహుమతి కార్యక్రమంలో అందించాడు. ఓడిపోయిన మనిషికి, అందులోనూ నాలుగు టెస్టుల్లో 9 వికెట్లే దక్కినవాడికి! మ్యాచ్ చివరికి అతని ఖాతాలో 399 వికెట్లున్నాయి. నాలుగు వందలోదాని కోసం 11 నెలలు ఆగాల్సి వచ్చింది. 2021 డిసెంబరులో అదే బ్రిస్బేన్‌లో మలాన్ వికెట్‌తో ఆ నిరీక్షణ తీరింది.

నితీశ్ కుమార్ రెడ్డి సెంచరీ చేసిన మెల్‌బోర్న్ టెస్టులో లయన్ ఏం చేశాడు?

తెలుగువాళ్లకు చేదు, తీపి కలిసిన మ్యాచ్. 2024 డిసెంబరులో తెల్లవారుజామున ఐదింటికి లేచి టీవీ పెట్టినవాళ్లందరికీ గుర్తుంటుంది. విశాఖ కుర్రాడు 114 దగ్గర నాలుగో రోజు ఉదయం లయన్ బౌలింగ్‌లోనే అవుటయ్యాడు. ఆ సాయంత్రం ఆస్ట్రేలియా తొమ్మిది వికెట్లు పడ్డాక లయన్, బోలండ్ అతుక్కుపోయారు. మరుసటి ఉదయం బుమ్రా లయన్‌ను బౌల్డ్ చేసేసరికి లయన్ 41 పరుగులు, ఆ జోడీ 61 పరుగులు చేసింది. లక్ష్యం 340 అయింది. చివర్లో సిరాజ్‌ను ఎల్బీగా పంపి మ్యాచ్ ముగించిందీ లయనే. ఒక ఇన్నింగ్స్‌ను విశాఖతో, ఇంకొకదాన్ని హైదరాబాద్‌తో ముగించాడన్నమాట.

అశ్విన్ గొప్పా, లయన్ గొప్పా?

అశ్విన్ 106 టెస్టుల్లో సగటున 24 పరుగులకు ఒకటి చొప్పున 537 వికెట్లు తీశాడు, ఆరు సెంచరీలు కూడా చేశాడు. లయన్ సగటు 30 చుట్టూ ఉంటుంది. అంకెలు చూస్తే చర్చే లేదు. కానీ లయన్ సొంతగడ్డ ఆస్ట్రేలియా, అక్కడ స్పిన్నర్ పని సగం వికెట్లు తీయడం, సగం ఫాస్ట్ బౌలర్లకు ఊపిరి తీసుకునే సమయమివ్వడం. బుర్ర ఎవరిదంటే అశ్విన్‌దే అంటాను. ఏ పిచ్ ఇచ్చినా మొహం చిట్లించకుండా రోజంతా వేసేదెవరంటే లయన్.

ఐపీఎల్‌లో ఎందుకు కనిపించడు?

ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు. దేశం తరఫున వన్డేలు 29, వాటిలో వికెట్లూ 29. పొట్టి ఆటలో బ్యాటు కూడా బాగా తిప్పగల స్పిన్నర్లకే గిరాకీ.

## చేదు రోజులు

హెడింగ్లీలో ఆ రనౌట్ ఎలా వదిలేశాడు?

2019 ఆగస్టు 25. ఇంగ్లండ్‌కు రెండు పరుగులు కావాలి, చేతిలో ఒక్క వికెట్. జాక్ లీచ్ పరుగుకు బయల్దేరి సగంలో ఇరుక్కున్నాడు. ఫీల్డర్ విసిరిన బంతి వికెట్ల దగ్గరున్న లయన్ చేతికి వచ్చింది. పట్టుకుని బెయిల్ తీయడమే తరువాయి. బంతి చేతిలో నిలవలేదు. లీచ్ అప్పటికి క్రీజుకు ఆమడ దూరంలో ఉన్నాడు. లయన్ వేసిన తర్వాతి బంతే స్టోక్స్ ప్యాడ్‌కు తగిలింది, అంపైర్ అవుటివ్వలేదు. బంతి స్టంప్‌కు తగిలేదని రీప్లే చూపించింది, కానీ ఆస్ట్రేలియా తన చివరి రివ్యూను అంతకుముందు ఓవర్లోనే ఖర్చుపెట్టేసింది. లయన్ పిచ్ మీద వెల్లకిలా పడిపోయాడు. అదే సిరీస్‌లో ఎడ్జ్‌బాస్టన్‌లో 49 పరుగులకు 6 వికెట్లు తీసి గెలిపించింది కూడా అతనే. జనానికి మాత్రం జారిన బంతే గుర్తు.

లార్డ్స్‌లో కుంటుతూ బ్యాటింగ్‌కు రావాల్సిన అవసరమేమిటి?

2023లో లార్డ్స్ టెస్టు అతనికి వరసగా వందోది. అంతకుముందు వరసగా వంద ఆడిన ఐదుగురూ బ్యాటు మీద బతికినవాళ్లే, బౌలర్ ఇతనొక్కడే. రెండో రోజు ఫీల్డింగ్‌లో పరుగెత్తుతుండగా పిక్క కండరం చిరిగింది. నాలుగో రోజు తొమ్మిదో వికెట్ పడగానే మెట్ల మీద రెయిలింగ్ పట్టుకుని దిగి, ఒంటికాలి మీద నడుస్తూ వచ్చాడు. చేసింది 4 పరుగులు, స్టార్క్‌తో కలిపి జట్టుకు జమైనవి 15. ఆస్ట్రేలియా 43 పరుగులతో గెలిచింది. ఆ పదిహేను లేకున్నా గెలిచేదే అనేవాళ్లున్నారు. స్టోక్స్ 155 కొట్టిన ఆ చివరి రోజు చూసినవాళ్లు అలా అనరు.

## రికార్డులు, చివరి దశ

500 వికెట్లు ఎప్పుడు పూర్తయ్యాయి?

2023 డిసెంబరులో, పెర్త్‌లో. ఫహీమ్ అష్రఫ్‌ను అంపైర్ అవుటివ్వకపోతే రివ్యూ అడిగి సాధించాడు. ఆస్ట్రేలియా తరఫున వార్న్, మెక్‌గ్రాత్‌ల తర్వాత మూడోవాడు.

బ్యాటింగ్‌లో కూడా ఏదో రికార్డు ఉందట?

ఉంది, కానీ గొప్పగా చెప్పుకునేది కాదు. ఒక్క అర్ధసెంచరీ లేకుండా టెస్టుల్లో అత్యధిక పరుగులు చేసింది ఇతనే. 1500 దాటాడు, అత్యధిక స్కోరు 47.

మెక్‌గ్రాత్‌ను దాటబోతుండగా జట్టులోంచి ఎందుకు తీశారు?

562 వికెట్ల దగ్గర, మెక్‌గ్రాత్‌కు ఒక్క అడుగు వెనక ఉండగా, 2025 జులైలో జమైకా టెస్టు నుంచి తప్పించారు. అది ఫ్లడ్‌లైట్ల కింద గులాబీ బంతితో ఆడే మ్యాచ్. ఆ బంతి సాయంత్రం పూట ఫాస్ట్ బౌలర్లకు పండగ. వెస్టిండీస్ 27 పరుగులకే కుప్పకూలింది కాబట్టి నిర్ణయం తప్పనడానికి నోరు రాదు. అదే ఏడాది యాషెస్‌లో బ్రిస్బేన్ పగలు-రాత్రి టెస్టులోనూ అదే జరిగింది. ఈసారి లయన్ తన కోపం దాచుకోలేదు. గాయం లేని మనిషి పదేళ్లకు పైగా జట్టు తప్పకుండా ఆడి, ఒకే ఏడాదిలో రెండుసార్లు నీళ్లు మోయాల్సి వస్తే కోపం రాదా?

మరి ఎక్కడ దాటాడు?

అడిలైడ్‌లో, 2025 డిసెంబరులో. తిరిగి వచ్చిన టెస్టులో ఒకే ఓవర్లో పోప్‌ను, డకెట్‌ను అవుట్ చేసి మెక్‌గ్రాత్ 563ను దాటాడు. ఆస్ట్రేలియా బౌలర్లలో ఇక పైన ఉన్నది వార్న్ 708 ఒక్కటే. ఆ మ్యాచ్ ఐదో రోజే ఫీల్డింగ్‌లో తొడ వెనక కండరం దెబ్బతిని మిగతా సిరీస్‌కు దూరమయ్యాడు.

అతని బౌలింగ్ ఎప్పుడూ శ్రద్ధగా చూడలేదు. ఒక్క రోజు చూడాలంటే ఏది చూడాలి?

2014 డిసెంబరు, అడిలైడ్ చివరి రోజు. ఆస్ట్రేలియా బ్యాటర్ ఫిలిప్ హ్యూస్ చనిపోయిన కొద్ది రోజులకు జరిగిన టెస్టు. లక్ష్యం 364, భారత్ రెండు వికెట్లకు 242. కోహ్లీ, విజయ్ ఇద్దరూ ఆడుకుంటున్నారు. లయన్ బంతులు బ్యాటు పక్కగా పోతున్నాయి, ప్యాడ్లకు తగులుతున్నాయి, వికెట్ రావడం లేదు. అతను కోణం మార్చలేదు, చోటు మార్చలేదు. విజయ్ 99 దగ్గర ఎల్బీ అయ్యాడు. తర్వాత వరసగా కూలారు. కోహ్లీ 141 దగ్గర పొట్టిగా పడిన బంతిని లాగి కొట్టి డీప్ మిడ్‌వికెట్‌లో మిచెల్ మార్ష్‌కు చిక్కాడు. ఆ ఇన్నింగ్స్‌లో 152కు 7, మొత్తం 12 వికెట్లు. గెలిచాక ఆటగాళ్లంతా అవుట్‌ఫీల్డ్ గడ్డి మీద రాసిన 408 అంకె దగ్గరికి వెళ్లారు. అది హ్యూస్ టెస్టు టోపీ నంబరు.